తలుపు వేసిన వైవా

రూపాదేవి చోడవరం కోర్టు ఎదురుగా, లాయరు శివాజీ ఆఫీసులో కుర్చీ అంచున కూర్చుంది. కుదురుగా కూర్చోవడం ఆమె మరిచిపోయి నెలవుతోంది. కూర్చుంటే లేవాలనిపిస్తుంది, లేస్తే ఎటు వెళ్లాలో తెలియదు. యూనివర్సిటీలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌గా ఎంపికై, వీధంతా స్వీట్లు పంచాక, సరిగ్గా చేరే వారంలో హైకోర్టు స్టే వచ్చి పడితే ఎవరికి మాత్రం కాలు నిలుస్తుంది? ప్రైవేటు డిగ్రీ కాలేజీలో గొంతు చించుకుని పాఠాలు చెప్పి చెప్పి, నలభై దాటాక దొరికిన ఉద్యోగం. ఇది పోతే మళ్లీ నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుందో ఆ దేవుడికే తెలియాలి.

కేసు వేసినవాడు ఉమామహేష్. ఒకప్పుడు అదే డిపార్టుమెంటులో ఆమెతోపాటు రీసెర్చి చేసినవాడు, ఇప్పుడు ఎంపికలో ఆమె వెనకే నిలబడ్డవాడు. అతను లెక్చరర్ పోస్టులకు కావలసిన నెట్ పరీక్ష పాసయ్యాడు, ఆమె రాయలేదు. పాత రూళ్ల కింద పీహెచ్‌డీ చేసినవాళ్లకు నెట్ అక్కర్లేదు గానీ, దానికి కొన్ని షరతులున్నాయి. థీసిస్ మీద జరిగే వైవా బహిరంగంగా ఉండాలన్నది వాటిలో ఒకటి. ఎవరైనా వచ్చి కూర్చుని వినేలా జరగాలన్నమాట. రూపాదేవి వైవా తలుపులు వేసి చేశారని ఉమామహేష్ పిటిషన్ వేశాడు. ఆ పెద్దమనిషి అబద్ధమాడినా బాగుండేది, నాలుగు తిట్లు తిట్టుకుని నిద్రపోయేది. అతను చెప్పింది నిజం.

తలుపు ఎందుకు వేశారో చెబితే నవ్వొస్తుంది. ఇంట్లో మొదటిసారి ఒక ఆడపిల్ల పేరు ముందు డాక్టరని చేరుతోందంటే వడ్డాదిలోని చుట్టాలు ఊరుకుంటారా? పెళ్లికి తరలినట్టు వ్యాను మాట్లాడుకుని విశాఖపట్నం వెళ్లారు. పులిహోర, బూరెలు, పూలదండలు, అన్నీ వెంట తీసుకెళ్లారు. ఎగ్జామినరు కుర్చీలో సర్దుకోకముందే మేనమామ దాసు ఆయన మెడలో దండ వేశాడు. పిన్నమ్మలు బెంచీల మీద విస్తర్లు పరవడం మొదలుపెట్టారు. ఆమె రీసెర్చి గైడుకు చెమటలు పట్టి, అందర్నీ వరండాలోకి పంపి గడియ పెట్టించాడు. మిగతా రీసెర్చివాళ్లు కూడా, ఉమామహేష్‌తో సహా, బూరెల వెంట బయటికే నడిచారు. మనవాళ్లు నొచ్చుకోలేదు. పరీక్షంటే తలుపు వెయ్యరా మరి, అనుకున్నారు.

ఆ వ్యానులో వచ్చినవాళ్లలో ఇద్దరు, మేం లోపల కూర్చుని విన్నాం అని అఫిడవిట్ ఇస్తే గండం గట్టెక్కుతుందని శివాజీ అన్నాడు. అందుకే రూపాదేవి మామయ్యనూ తల్లి అచ్చియ్యమ్మనూ పిలిపించింది. తప్పని తెలుసు. అయినా పిలిపించింది. దాసుకు ఏ బెంగా లేదు. తాను ముందు వరసలో కూర్చున్నట్టు, మేనకోడలి జవాబులకు చప్పట్లు కూడా కొట్టినట్టు ఆఫీసులో అందరికీ ఈపాటికే చెప్పేశాడు.

అచ్చియ్యమ్మ మాత్రం పెన్ను పట్టుకుని ఆగింది.

"సంతకం పెడతాను బాబూ. ఇన్నానని పెడతన్నప్పుడు ఏటి ఇన్నానో తెలాలి గదా. జడ్జీగారు పిలిచి అడిగితే ఏటి సెప్పాల?"

జడ్జీ పిలవడు, అది ఉత్త కాయితమేనని శివాజీ నచ్చజెప్పాడు. ఆవిడ వినలేదు. చివరికి ఆ రోజు లోపల చెప్పిందంతా రూపాదేవే విసుగ్గా చెప్పడం మొదలుపెట్టింది. చెరకు రైతు ఎరువుకు లెక్క రాస్తాడు, బండి కిరాయికి లెక్క రాస్తాడు, ఇంటి ఆడది చేసే చాకిరీకి మాత్రం ఎక్కడా కూలి కట్టడు. కడితే ఆ సాగులో లాభమన్నదే లేదు. బుచ్చయ్యపేట, రోలుగుంట ఊళ్లన్నీ తిరిగి తాను తేల్చింది అదేనని చెప్పింది. చెబుతూ చెబుతూ విసుగు ఎప్పుడు పోయిందో ఆమెకే తెలియలేదు. పొద్దు పొడవకముందే చెరకు తోటలోకి దిగి, ఆకు కోసుకుపోయిన చేతులతో వచ్చి అన్నం వార్చే మనిషి గురించి చెబుతూ తల్లి వైపు తిరిగింది.

అచ్చియ్యమ్మ తన చేతులు చూసుకుంది.

"నా గురించా? నేనెప్పుడూ నీకు సెప్పలేదు గదే."

"సూసేనమ్మా."

ఆవిడ పెన్ను బల్ల మీద పెట్టేసింది.

"ఇదంతా సెప్తన్నావని తెలిస్తే వరండాలో కూకుని బూరెలు పంచుదునా? తలుపు బద్దలుకొట్టి లోపలికొద్దును. ఇనలేదే నేను. ఇనలేదని నాకిప్పుడు కడుపు మండిపోతంది. ఇన్నానని సంతకం ఎలా పెట్టమంటావు?"

రూపాదేవికి తల్లి మీద ఒళ్లు మండింది. ఒక్క సంతకం! ఆ వెంటనే ఆ కోపానికి సిగ్గేసింది, సిగ్గు వెనకే భయం వచ్చింది. జీతం, హోదా, రేపు కాలేజీలో జాలిగా చూసే ముఖాలు అన్నీ ఒక్కసారి కళ్లముందు తిరిగాయి. శివాజీ వైపు తిరిగి, జరిగింది జరిగినట్టే రాయమంది. వినడానికే జనం వచ్చారని, గోల ఎక్కువై బయటికి పంపారని.

"అలా రాస్తే ఉద్యోగం ఉమామహేష్‌కి పోయినట్టే మేడమ్. దగ్గరుండి మీరే ఇచ్చేస్తన్నారు."

"తెలుసండి. రాయండి."

చెప్పాక ఏడుపు ఆగలేదు. శివాజీ పెదవి విరిచి కంప్యూటరు వైపు తిరిగాడు. కాసేపు చూసి, అచ్చియ్యమ్మ కూతురి చెయ్యి తన ఒళ్లోకి లాక్కుంది.

"ఆ తరవాత ఆళ్లేటి అడిగేరు? నువ్వేటి సెప్పేవు? అన్నీ సెప్పు."