ఉత్త భయమే కదా

“నీ డబ్బాలోంచి ఇటు వెయ్యమ్మా. నీది ఉత్త భయమే కదా!”

పొద్దున్నే మూడు డబ్బాల్లో మాత్రలు సర్దుతుంటే తనవి అయిపోయాయని మా అత్తగారు చెయ్యి చాపింది. మా ఇంట్లో ముగ్గురికీ ఒకటే మాత్ర. ఆవిడకు కాళ్ల నరాలు నిప్పుల్లో పెట్టినట్టు మండుతాయి, మా ఆయనకు ఫిట్స్, నాకు ఆందోళన. మోతాదులే వేరు. ఎవరికి ఎన్ని, ఎవరు మత్తుగా తూలుతున్నారు, అన్నీ చూసుకోవడం నా పని. అయిపోకముందే కొనుక్కురావడం ఒక్కటే ఆయన పని. అదే మరిచిపోతారు. మరిచిపోయినప్పుడల్లా “నీవి సర్దెయ్, రేపు తెస్తాగా” అంటారు. ఆయన డబ్బా జోలికి మాత్రం ఎవరూ పోరు. అత్తసొమ్ము అల్లుడి దానం అని విన్నాను గానీ, పెళ్లాం మందు మొగుడి దానం మా ఇంట్లోనే చూశాను. నొప్పికి మూలుగుంటుంది, ఫిట్స్‌కి నురగ ఉంటుంది. భయానికి సాక్ష్యం ఏముంది? వంట ఆగలేదు, బడి మానలేదు కనక నాకు జబ్బు లేనట్టే.

కిందటి వారం నా మాత్రలన్నీ అలాగే ఆవిడకు పోయాయి. క్లాసులో లెక్క చెబుతుంటే చేతిలో సుద్దముక్క నిలవలేదు. చెమటలు, గుండెదడ. ముందు బెంచీ పిల్లలు నవ్వారు. సిగ్గుతో చచ్చిపోయాను. సాయంత్రం వెళ్లి చూపించుకుంటే డాక్టరమ్మ మాత్రం నవ్వలేదు. “ఉన్నట్టుండి ఆపేస్తే ఫిట్స్ కూడా రావచ్చు. పంచిపెట్టడానికి ఇవేమైనా చాక్లెట్లా?” అని కసిరింది. ఇంటికొచ్చి చెబితే ఆయన టీవీ మీంచి చూపు తిప్పకుండా, “డాక్టర్లు అలాగే బెదిరిస్తార్లే,” అన్నారు. తన మాత్ర ఒక్కపూట ఆలస్యమైతే ఇల్లు పీకి పందిరేసే మనిషి!

ఇవాళ అత్తగారి చెయ్యి ఇంకా చాపే ఉంది. నా మాత్ర నోట్లో వేసుకుని గ్లాసెడు నీళ్లు తాగాను. డబ్బా హ్యాండ్‌బ్యాగులో పెట్టి జిప్పు లాగాను. మందుల చీటీ మా ఆయన చేతిలో పెట్టాను.

“సందు చివర షాపు తెరిచే ఉంది, వెళ్లి తెండి. రేపట్నించి మీ డబ్బా, అత్తయ్యగారి డబ్బా మీరే సర్దండి.”

“ఇవాళ నీకేమైంది? అమ్మ నొప్పితో అల్లాడుతుంటే...”

“అందుకే తొందరగా వెళ్లమంటున్నా.”

“ఉత్త భయానికి ఇంత రాద్ధాంతమా!” అంది అత్తగారు.

“భయమే అత్తయ్యా. భయం నాది. దాని మందూ నాదే.”

గొంతు వణికింది. వణికితే వణకనీ.

ఆయన విసుక్కుంటూ చెప్పుల కోసం గదులన్నీ తిరిగారు. “ఎక్కడ పెట్టావే?” అని అరిచారు.

ఎక్కడున్నాయో నాకు తెలుసు. చెప్పలేదు. బడికి వెళ్లిపోయాను.