స్తంభం వెనక కీబోర్డు

"గా టీవీ ఆవాజ్ తగ్గియ్యరాదు! గోడలు అదురుతున్నయ్" అంది ఎస్తేరమ్మ.

"ఇంక తగ్గిస్తే ఉత్త బొమ్మలే చూడాలె" అన్నాడు రాజలింగం.

"చూడు. వార్తలు చదివేటామె మంచిగనే ఉన్నది గదా!"

ఆయన రిమోట్‌ను లుంగీ మడతలో దాచుకున్నాడు. కోరుట్ల నుంచి ఆ ఇంటికి కోడలుగా వచ్చిన కవిత నవ్వు ఆపుకుంది. సిరిసిల్లలో సాంచాల షెడ్డులో, ఆ మరమగ్గాల మోతలో ముప్పై ఏళ్లు పనిచేసిన మామకు వినికిడి ఎంతని మిగులుతుంది?

అత్తమ్మ చర్చిలో ఇరవై ఆరేళ్లుగా కీబోర్డు వాయిస్తూ క్వయర్‌ను నడుపుతోంది. అందులో మామతో కలిపి తొమ్మిదిమంది మగవాళ్లు, అందరూ సాంచాలు నడిపినవాళ్లే. ఆ చప్పుడులో మాట వినపడదు కనుక పెదవులు చూసి మాట్లాడుకోవడం వాళ్లకు అలవాటు. ఎస్తేరమ్మ ఆ అలవాటునే పట్టుకుంది. వాళ్లకు ఎదురుగా కూర్చుని, ప్రతి పాదాన్నీ ఒక్క క్షణం ముందు గొంతు లేకుండా పలికేది. వేళ్లు ఒకచోట, పెదవులు ఇంకోచోట! కవితకు ఆమె దగ్గర వేళ్ల పని వచ్చింది గానీ పెదవుల పని ఎంతకీ రాలేదు.

పోయిన ఆదివారం చర్చికి కొత్తగా వచ్చిన పాస్టరు అయ్యగారు ఆరాధనను ఫోన్లలో చూపించాలని, కెమెరాకు అడ్డం రాకుండా కీబోర్డును స్తంభం వెనక్కి జరిపించారు. ఎస్తేరమ్మ కనపడక మగవాళ్లకు చూడటానికి దొరికినవి అయ్యగారి పెదవులే. ఆయన తనలో తాను మూడో చరణం గొణుక్కుంటుంటే, ఆడవాళ్లను రెండో చరణంలో వదిలేసి తొమ్మిదిమందీ మూడులోకి దూకారు.

"పెద్దవాళ్లు ఇక కూర్చుని వింటే చాలు. జగిత్యాల సభల్లో పాడటానికి కాలేజీ పిల్లలను తీసుకుపోదాం" అన్నారు అయ్యగారు మెత్తగానే. ఆనాటి నుంచి మామ ప్రాక్టీసుకు పోలేదు. టీవీ ముందే కూర్చుంటున్నాడు.

శనివారం మధ్యాహ్నం ముగ్గురూ అన్నానికి కూర్చున్నారు.

"అయ్యగారి ఇంటికి పోయచ్చిన" అంది ఎస్తేరమ్మ. "కీబోర్డు స్తంభం ఎనకనే ఉంటదట. ఉండనియ్యి. నేనుండ."

"మానేస్తున్నవా అత్తమ్మా?" కవిత చేతిలో ముద్ద ఆగింది.

ఎస్తేరమ్మ భర్త వైపు తిరిగి ఒక్కో మాటా విడదీసి పలికింది. "రేపటి సంది కవిత వాయిస్తది. నేను మీ తొమ్మిదిమందికి ఎదురుంగ నిలబడుత. కెమెరాల నా ఈపు కనబడితే కనబడనీ అన్న. ఒప్పుకున్నడు."

రాజలింగం ఆమె పెదవుల మీంచి చూపు తిప్పకుండానే తల ఊపాడు.

"నేనా? తప్పులు పోతయ్ అత్తమ్మా."

"పోనీ. నా తొమ్మిదిమందికి ఎట్లగూ ఇనపడయి. మిగతోళ్లకు నేను చెప్పుకుంట. నాలుగింటికి ప్రాక్టీసు, జెల్ది తినుర్రి."