సంజన కేకేసిన సినిమా

మా సంజన స్కూల్లో నోరు విప్పడం లేదని టీచరు మూడోసారి చీటీ పంపినప్పుడు నాకు టీచరు మీదే కోపం వచ్చింది. ఇంట్లో గుసగుసగా అయినా మాట్లాడుతుంది కదా, స్కూల్లో వాళ్ళే ఏదో చేసుంటారని మా ఆయన హన్మంతుతో గొడవపడ్డాను. సెలవుల్లోపు మాట్లాడకపోతే పిల్లను డాక్టరుకు చూపించాలని ఆ చీటీలో ఉంది. ఐదేళ్ళ పిల్ల. నాకు కంటి మీద కునుకు లేదు.

ఇంగ్లండులోని రీడింగ్ ఊళ్ళో మాది రెండో అంతస్తు ఫ్లాటు. కింది ఫ్లాటు ముసలాయన చప్పుడు ఎక్కువైందని, మాకు ఇల్లు అద్దెకిచ్చిన కౌన్సిల్‌కు రెండు ఉత్తరాలు రాశాడు. మూడోది రాస్తే ఇల్లు ఖాళీ చేయిస్తారని నా భయం. అందుకని మెట్ల దగ్గరే బూట్లు విప్పించి, మునివేళ్ళ మీద నడిపించి, నోటి మీద వేలు పెట్టించి పిల్లను పెంచాను. మంచి అలవాటు నేర్పుతున్నానని గర్వం కూడా.

మా ఎదురు ఫ్లాటులో ఉండేది ఇండోనేషియా ఆవిడ, బు సుమార్ని. బు అంటే వాళ్ళలో అమ్మ, పెద్దావిడలను అలాగే పిలుస్తారు. ఒక ఆదివారం మధ్యాహ్నం తమ పిల్లల కోసం చర్చి హాల్లో జపాను బొమ్మల సినిమా వేస్తున్నామని, మాటలన్నీ తమ భాషలోనే ఉంటాయని, అయినా సంజనను తీసుకురమ్మని పిలిచింది. అర్థంకాని సినిమా మాకెందుకని సణుక్కుంటూనే వెళ్ళాను.

తల్లిని వెతుక్కుంటూ బయల్దేరిన నక్కపిల్ల కథ అది. సంజనను ఒళ్ళో కూర్చోబెట్టుకుని ముందుజాగ్రత్తగా "ష్" అన్నాను. ఆ హాల్లో ష్ అన్నది నేనొక్కదాన్నే. అరటిపండు బజ్జీలు చేతులు మారుతున్నాయి. తల్లులు ముక్కు చీదుకుంటూ నక్కపిల్లకు జాగ్రత్తలు చెబుతున్నారు. పిల్లలు తెరతో వాదనకు దిగారు. సినిమా చూసే పద్ధతి ఇదా అనుకున్నాను.

నక్కపిల్ల గడ్డకట్టిన చెరువు మీద కాలు పెట్టబోయింది. పిల్లలంతా లేచి వద్దు వద్దని కేకలేశారు. నా ఒళ్ళో నుంచి సంజన కూడా లేచి నిలబడింది.

"పోకు బిడ్డా, మంచు పలుగుతది" అని గొంతు చించుకుంది.

నా చెయ్యి అలవాటుగా దాని నోటి మీదికి వెళ్ళింది. బు సుమార్ని మధ్యలోనే ఆ చెయ్యి పట్టుకుంది. ఏడాదిగా ఎదురింట్లో ఉంటున్నా ఈ పిల్ల గొంతు వినడం ఇదే మొదటిసారి అని మెల్లగా ఇంగ్లీషులో అంది.

పిల్ల నోరు మూయించింది స్కూలు కాదు, నేను. వెక్కి వెక్కి ఏడ్చాను. అక్కడ అందరూ నక్కపిల్ల కోసం ఏడుస్తున్నారు కాబట్టి నన్నెవరూ వింతగా చూడలేదు. బు సుమార్ని మాత్రం నా చెయ్యి వదల్లేదు. ఆవిడ మేలు ఈ జన్మలో మరిచిపోను.

సాయంత్రం ఇంటికి వచ్చాక సంజన తనంతట తనే మొదటి మెట్టు మీద కూర్చుని బూట్లు విప్పి, నోటి మీద వేలు పెట్టుకుంది. నేను పక్కన కూర్చుని ఆ బూట్లు మళ్ళీ తొడిగాను.

"నక్కపిల్ల తర్వాత ఏం చేసిందో చెప్పు బిడ్డా. గట్టిగ చెప్పు."

మొదట నా ముఖంలోకి చూసింది. తర్వాత మెట్టుమెట్టుకూ దబదబ అడుగులేస్తూ చెప్పడం మొదలుపెట్టింది. మొదటి అంతస్తులో ముసలాయన తలుపు తెరిచాడు. ఆయనకు ఎప్పటిలా సారీ చెప్పలేదు. మా అమ్మాయి మాట్లాడుతోందండీ అని చెప్పాను.