ఎడమచేతి కుట్టు

బొమ్మల పిల్లకి ముప్పై నాలుగేళ్లు వచ్చినా ఇంట్లో ఆ పిలుపు పోలేదు. బొమ్మలు వేస్తుంది, వీడియో తీస్తుంది, గొంతులు రికార్డు చేస్తుంది, అన్నీ కలిపి ఒక హాల్లో పెట్టి కళ అంటుంది. "ఏ ఒక్క పనీ తిన్నగా రాక నాలుగూ నెత్తిన పెట్టుకున్నావే" అని పిన్ని వేళాకోళం. పిన్నికి వచ్చింది ఒక్క పనే, కుట్టు. నిజం చెప్పాలంటే దాని ముందు ఈ నాలుగూ దిగదుడుపే.

పిన్నికి కాగితాలు లేవు. ఇరవై ఏళ్ల క్రితం లారీలో మూటల మధ్య నక్కి సరిహద్దు దాటింది. దొరికితే వెనక్కి పంపేస్తారు. అక్కడ ఆమెకంటూ ఇల్లు లేదు, పలకరించే మనిషి లేడు.

ఆ ప్రయాణమే బొమ్మల పిల్ల ఇప్పుడు పెట్టిన ప్రదర్శన. పాత బట్టలతో కుట్టిన పెద్ద బొంత, దానిమీద పిన్ని వచ్చిన దారి, నది, చెక్‌పోస్టు. స్పీకర్లో పిన్ని మాటలే, గొంతు మాత్రం గుర్తుపట్టకుండా మార్చేశారు. వీడియోలో ముఖం కనపడదు. గోడమీద అట్ట: "కుట్టు, చిత్రం, ధ్వని అన్నీ కళాకారిణివే."

"పని నాది, పేరు నీది" అని నవ్వింది పిన్ని అట్ట చూసి. "పోనీలే, నా పేరు లేకపోవడమే మనకి మంచిది." బొమ్మల పిల్లకి సిగ్గేసింది. అందుకే పిన్ని కోరిన ఒక్క కోరికా కాదనలేకపోయింది. తన కుట్టు వెనకవైపు కూడా జనం చూడాలని పిన్ని ఆశ. బొంతని గోడకి కాకుండా హాలు మధ్యలో వేలాడదీశారు.

శుక్రవారం మధ్యాహ్నం, బయటి దేశాలవాళ్ల కాగితాలు చూసే పర్మిట్ల ఆఫీసు ఇన్‌స్పెక్టర్ వచ్చాడు. ఆహ్వానం అన్ని ఆఫీసులకీ పంపారు, వస్తాడని ఎవరూ అనుకోలేదు. పుస్తకంలో ఆయన పేరు రాసుకుని బొమ్మల పిల్ల వెంట నడిచింది. ఆయన బొంత ముందువైపు ఒక్క నిమిషం చూశాడు. వెనకవైపుకి వెళ్లి కళ్లజోడు పెట్టుకుని పావుగంట నిలబడ్డాడు.

"ఇది మీరే కుట్టారా అమ్మా?"

"నేనేనండీ."

"మా నాన్న దర్జీ. కాజాలు కుడుతూ పెరిగాను నేను. ఈ కుట్లన్నీ అటు వాలాయి చూడండి, ఎడమచేతి వాటం. మీరిందాక నా పేరు కుడిచేత్తో రాశారే?"

బొమ్మల పిల్ల పిన్ని ముఖం దాచింది, గొంతు దాచింది. చెయ్యి దాచడం మర్చిపోయింది.

"రాత కుడిచేత్తోనండీ. కుట్టడం ఎడమచేత్తో."

"అలాంటివాళ్లూ ఉంటారు" అన్నాడాయన తాపీగా, ఫోన్లో ఫొటో తీసుకుంటూ. "సోమవారం పదింటికి ఆఫీసుకి రండి. సూదీ దారం తెచ్చుకోండి. నా ముందు జానెడు కుట్టి చూపించండి చాలు. లేదంటే ఎవరు కుట్టారో చెబుదురుగాని."

వెళుతూ వెళుతూ గుమ్మం దగ్గరి బల్ల ముందు ఆగి మంచినీళ్లడిగాడు. బల్ల వెనకున్నది పిన్నే. తన కుట్టు గురించి జనం ఏమనుకుంటారో వినాలని, నీళ్లిచ్చే మనిషిలా పొద్దున్నుంచీ అక్కడే నిలబడింది. పిన్ని ఎడమచెయ్యి అలవాటుగా గ్లాసు మీదికి వెళ్లింది. ఆ చెయ్యి వెనక్కి తగ్గి, కుడిచెయ్యి గ్లాసందుకుంది. సగం నీళ్లు బల్లమీదే ఒలికాయి. ఆయన మిగిలిన సగం తాగి, పిన్ని ముఖంలోకి ఓసారి చూసి, వెళ్లిపోయాడు.

తలుపు మూశాక బొమ్మల పిల్ల జరిగిందంతా చెప్పింది. పిన్ని తిట్టలేదు, ఏడవలేదు.

"ఎడమచేత్తో గ్లాసు కూడా ఎత్తలేవు కదే నువ్వు" అంది.

జాకెట్టుకి గుచ్చుకున్న సూది తీసి దారం ఎక్కించింది. బొమ్మల పిల్ల ఎడమచేతిలో పెట్టి, వెనకనుంచి ఆ చేతిని పట్టుకుంది. మొదటి కుట్టు వంకరపోయింది. పిన్ని విప్పేసింది. రెండోదీ అంతే. మూడోసారి సూది వేలిలో దిగింది.

"పిన్నీ, నాకు భయంగా ఉంది."

"నాకు ఇరవై ఏళ్లుగా ఉంది" అంది పిన్ని. "కుట్టు."