లేబులు ఊడిన సీసా

నేను ముదురు గోధుమరంగు గాజుసీసాని. మీ చూపుడువేలంత పొడవుంటాను. మూతకి రబ్బరు తిత్తి, దాని కింద చుక్కలు కొలిచే గాజు గొట్టం. నాలో ఉన్నది నూనె. ఏ ఆకు నూనె అని అడిగితే చెప్పక తప్పదు, గంజాయి చెట్టు ఆకుది. ఒక అడుగు వెనక్కి వేశారా? అందరూ వేస్తారు. ఇక కూర్చుని వినండి.

ఉత్తరాన కొండల కింద ఒక ఫ్యాక్టరీలో నన్ను నింపారు. మనుషులు ఒకే చెట్టుని రెండు చెట్లుగా చూడగలరని నాకు అక్కడే తెలిసింది. పువ్వులున్న కొస అయితే గంజాయి, పట్టుబడితే జైలు. పువ్వు కలవని ఉత్త ఆకుని చట్టం గంజాయి అనదు. లైసెన్సు ఉన్నవాళ్లు దానితో ఆయుర్వేద మందు చేయవచ్చు, డాక్టరు చీటీ ఉన్నవాళ్లు కొనుక్కోవచ్చు. చెట్టుకి మాత్రం ఈ ఏర్పాటు గురించి ఎవరూ చెప్పినట్టు లేదు. మత్తెక్కించే సరుకు నాలో ఉందంటే ఉంది, లేదంటే లేదు. ఉన్నదల్లా సీబీడీ, కొందరి ఫిట్సుని అదుపులో పెట్టేది. కానీ పైకి చూస్తే నూనె నూనెలాగే ఉంటుంది. నేనెవరో చెప్పేది నా లేబులొక్కటే. లైసెన్సు నంబరు, బ్యాచి నంబరు, ఏ సరుకు ఎంత, గడువెప్పటిదాకా, వైద్యుని పర్యవేక్షణలోనే వాడాలన్న హెచ్చరిక, అన్నీ దాని మీదే ఉన్నాయి. వాటి పక్కన, ఎవరి తెలివో గానీ, పచ్చగా ఒక గంజాయి ఆకు బొమ్మ కూడా వేశారు.

విశాఖలో ఒక ఆయుర్వేద డాక్టరు నన్ను నూకరత్నం చేతిలో పెట్టాడు. ఆమెది ఏజెన్సీలో ఘాట్ పైన ఒక ఊరు, జాకెట్లు కుట్టి బతుకుతుంది. భర్త లేడు. ఎనిమిదేళ్ల కూతురు దివిజకి ఫిట్సు. ఇంగ్లీషు మందులు వాడుతున్నా పిల్ల నిలబడ్డచోటే విరుచుకుపడేది. నుదుటి మీద ఒక కుట్టు మానేలోపు ఇంకొకటి పడేది. డాక్టరు చీటీ రాసి, "ఈ చీటీ ఎప్పుడూ దగ్గరుంచుకోమ్మా. నూనె వేరే సీసాలో పొయ్యకు. లేబులు జాగ్రత్త. పాత మందులు మానొద్దు, ఇదీ ఉన్నట్టుండి ఆపొద్దు" అన్నాడు. ఆమె అన్నిటికీ తలూపింది. మనుషులు డాక్టరు ముందు తలూపినట్టు దేవుడి ముందు కూడా ఊపరు.

నేను పనిచేశాను. గొప్పకి చెప్పడం లేదు, నిజంగానే పనిచేశాను. పొద్దున, సాయంత్రం దివిజ నాలుక కింద నా చుక్కలు పడేవి. పిల్ల మొహమంతా ముడుచుకుని మింగి, నాలుక చాపి చూపించేది. నెల తిరిగేసరికి, పిల్ల బయటికెళ్లి పడిపోతుందన్న భయంతో తలుపు గడియ పెట్టకుండా నూకరత్నం మిషను తొక్కగలిగింది. మళ్లీ బడికి పంపింది. నాకు చెవుల్లేవు గానీ ఆ ఇంట్లో నవ్వు వినిపించేది, నాకది బాగుండేది.

అంతలో ఆమె ఆడపడుచు చిట్టెమ్మ చూడటానికి వచ్చింది. గూట్లో నన్ను చూసింది, బొమ్మ చూసింది, గొంతు పెంచింది.

"ఒలమ్మో, ఇదేటే వదినా! పిల్లకి గంజాయి పోత్తన్నావా?"

ఇది మందని, డాక్టరు రాశాడని నూకరత్నం చెప్పింది. చిట్టెమ్మకి డాక్టరు అక్కర్లేదు, బొమ్మ చాలు. మర్నాటికి వీధంతా తెలిసింది. ఆ మర్నాడు బళ్లో పిల్లలు దివిజని గంజాయి పిల్ల అన్నారు. పిల్ల ఏడుస్తూ ఇంటికొచ్చింది. అంతే, నూకరత్నం నన్ను వేడినీళ్ల గిన్నెలో నిలబెట్టి, నానిన లేబుల్ని గోటితో గీకి, పొయ్యిలో వేసింది. చీటీ మాత్రం పోలిథిన్ కవరులో పెట్టి భద్రం చేసింది. నన్ను వాసన చూసి గుర్తుపట్టగలనన్నది ఆమె ధైర్యం. చట్టానికి ముక్కు లేదని ఆమెకి ఎవరూ చెప్పలేదు.

మళ్లీ డాక్టరుకి చూపించాల్సిన రోజు వచ్చింది. తల్లీకూతుళ్లు బస్సెక్కారు, సంచీలో నేను. ఘాట్ దిగాక చెక్‌పోస్టు. ఆ దారిలో గంజాయి నుంచి తీసిన మత్తునూనె సీసాల్లో దిగుతుంది, అందుకని సంచులన్నీ విప్పుతారు. కానిస్టేబులు నన్ను పైకి తీసి, మూత విప్పి, వాసన చూసి ఎస్సై తారకేశ్వరరావుకి అందించాడు.

"లేబులేదమ్మా?"

"నానే తీసేసినాను బాబూ."

"ఎందుకు?"

"గంజాయి బొమ్మ ఉందని. సిగ్గేసింది."

కానిస్టేబులు నవ్వాడు. ఎస్సై నవ్వలేదు. ఆయన చెడ్డవాడు కాదు, అదే వచ్చిన చిక్కు. లంచమడిగే మనిషైతే ఏదో ఒకటి ఇచ్చి బయటపడేది. ఆయన చీటీ రెండుసార్లు చదివి, తన ఫోనులోనే డాక్టరుకి కలిపి, అందరికీ వినబడేలా పెట్టాడు.

"ఔనండీ, నేనే రాశాను. అది చట్టప్రకారం అమ్మే మందే. పిల్లకి ఆపకూడదు."

"చీటీ సంగతి సరే డాక్టరుగారూ. మీరు రాసిన మందే ఈ సీసాలో ఉందని మీరు చెప్పగలరా?"

"సీసా చూడకుండా ఎలా చెప్పనండీ" అన్నాడు డాక్టరు. నేను చెప్పగలను. కానీ నన్నెవరూ అడగలేదు.

నన్ను ల్యాబుకి పంపాలన్నారు. ఆమెను అరెస్టు చేయలేదు, పిలిస్తే రావాలని కాగితం మీద వేలిముద్ర వేయించుకున్నారు. నన్ను గుడ్డలో చుట్టి, దారం కట్టి, కొవ్వొత్తి మీద లక్క కరిగిస్తున్నారు. అప్పుడు నూకరత్నం ఎస్సై కాళ్ల దగ్గర కూర్చుండిపోయింది.

"సాయంత్రం సుక్కలు ఎయ్యాల బాబూ. ఈ పూటకి ఎయ్యనియ్యండి. మీ ముందరే ఏసేసి మీకిచ్చేత్తాను."

"ఏమిటో తెలియని నూనె పిల్ల నోట్లో పోయించానంటే నా ఉద్యోగం పోతుందమ్మా. కొత్త సీసా కొనుక్కో."

డాక్టరు దగ్గర ఇంకోటి లేదు, కొత్త సీసా ఉత్తరాది నుంచి పోస్టులో రావాలి. దివిజ తల్లి భుజం పట్టుకుని, అలవాటు కొద్దీ నాలుక చాపి నిలబడింది. వేడి లక్క నా మెడ మీద పడింది, దాని మీద ముద్ర నొక్కారు.

తర్వాత స్టేషనులో గంజాయి బస్తాల మధ్య నా కాపురం. ఒక ఉదయం దుమ్ము దులుపుతూ ఆ కానిస్టేబులే రైటరుతో అన్నాడు.

"ఆ సీసా తెచ్చినావిడ ఉంది కదండీ, ఆవిడ కూతురు పోనాదట. పోస్టులో మందు రాకముందే. ఆస్పత్రిలో ఏసినా ఫిట్సు ఆగలేదట."

రైటరు కలం ఆపి, మళ్లీ రాసుకున్నాడు. గుమ్మంలో ఉన్న ఎస్సై కాసేపు నా వైపు చూసి, "నేను తప్పేం చెయ్యలేదు" అన్నాడు. ఎవరూ ఆయన్ని ఏమీ అనలేదు. నిజమే, ఆయన తప్పేం చెయ్యలేదు. డాక్టరూ చెయ్యలేదు. వెతికితే తప్పు ఒక్క నూకరత్నం గోళ్లలోనే దొరుకుతుంది. మనుషులు తప్పుని ఎప్పుడూ అంత పేదచోట దాస్తారు.

ల్యాబువాళ్లు నాలో సగం పరీక్షకి వాడుకుని, ఇది మందేనని, నిషేధం లేదని తేల్చారు. వానలు వెళ్లి చలి దిగాక కోర్టు నన్ను సొంతదారుకి ఇచ్చెయ్యమంది. నూకరత్నం వచ్చింది. చేతిలో చీటీ లేదు, ఇంక దానితో పనేముంది.

"నాకొద్దు బాబూ. నానేటి సేసుకుందును?"

"తీసుకోవాలమ్మా. ఆర్డరు. ఇక్కడుంటే మాకు మాటొస్తుంది" అన్నాడు రైటరు, చూపు తిప్పుకుని.

పైకి వెళ్లే బస్సుని అదే చెక్‌పోస్టులో ఆపారు. కొత్త కానిస్టేబులు, కుర్రవాడు. సంచీలోంచి నన్ను తీశాడు. నా ఒంటి మీద ఇప్పుడు తెల్లటి కాగితం అంటించి ఉంది. కేసు నంబరు, తేదీ, మందు పేరు, ఆమె పేరు, సంతకాలు, స్టాంపు. ఫ్యాక్టరీలో కూడా నాకు అంత నిండైన లేబులు వేయలేదు. కుర్రవాడు అంతా చదివి, మర్యాదగా రెండు చేతులతో ఆమెకి తిరిగిచ్చాడు.

"మందేనమ్మా, వెళ్లండి. ఈ లేబులు మాత్రం ఊడిపోకుండా చూసుకోండి."

చూసుకుంటోంది. అదే గూట్లో ఉన్నాను, నాలో మిగిలిన నూనె అలాగే ఉంది. మిషను తొక్కి తొక్కి అలిసినప్పుడు వచ్చి, కాగితం అంచు ఎక్కడైనా లేచిందేమోనని వేలితో తడిమి, అన్నం మెతుకు పెట్టి మళ్లీ అంటిస్తుంది.