మచ్చల రకం

కర్రపెండలం కాడలు అమ్ముకోవడం ఆ చుట్టుపక్కల పాపం కింద లెక్క. దుంప అమ్ముకో, పిండి అమ్ముకో, నాటుకునే కాడ మాత్రం అడిగినవాళ్ళకి ఊరికే ఇవ్వాలి. ఆ ఇవ్వడంలో పెద్దక్కను మించినవాళ్ళు లేరు. చేతికి ఎముక లేని మనిషి. తవ్వకాలు అయ్యాక కాడలు మోపులు కట్టి నీడన నిలబెట్టేది. అడగడానికి మొహమాటపడేవాళ్ళ ఇళ్ళకి తనే మోసుకెళ్ళేది.

ఆమె రకానికో గుర్తుంది. ఆకుల మీద లేత పసుపు మచ్చలు. "మా అత్త ఇచ్చిన మొక్క. పుట్టుమచ్చలతోనే పుట్టింది" అని మురిసిపోయేది. మచ్చ కనిపిస్తేనే అసలు సరుకని జనం కూడా నమ్మారు. జనానిదేముంది, నమ్మడానికి ఒక గుర్తు దొరికితే చాలు.

కొన్నేళ్ళుగా ఎక్కడ విన్నా ఒకటే గోడు. దేశంలో కర్రపెండలం వేసే నేల పెరుగుతోంది, దుంప మాత్రం తరుగుతోంది అని రేడియోలో చెప్పారు. పిండి మిల్లు ఒంటిపూటే నడుస్తోంది. పెద్దక్క చెల్లెలి చేలో ఈసారి దుంపలు వేళ్ళంత సన్నగా ఊరాయి. "నా చెయ్యి మంచిది కాదక్కా" అని ఆమె కళ్ళనీళ్ళు పెట్టుకుంటే, ఈసారి ఇంకాసిని మోపులు ఎక్కువిస్తానని పెద్దక్క ఓదార్చింది.

ఒకరోజు పొద్దున వ్యవసాయాధికారి వచ్చి ఆమె చేలో ఆకు తిరగేసి చూశాడు.

"ఇది రకం కాదమ్మా, తెగులు. మొజాయిక్ అంటారు. మీ నేల బలమైనది కాబట్టి మీ మొక్క తట్టుకుంటోంది. తక్కిన చేలల్లో తట్టుకోలేదు. కాడతో పాకుతుంది, తెల్లదోమతోనూ పాకుతుంది."

"మందేమైనా ఉందా బాబూ?"

"లేదమ్మా. పీకి కాల్చెయ్యడమే. మంచి కాడలు మేమిస్తాం."

అతను వెళ్ళాక పెద్దక్క మోపుల పక్కనే కూలబడింది. కాడలు పట్టుకెళ్ళిన ఒక్కొక్కరి మొహమూ కళ్ళముందు తిరిగింది. పెట్టిన చెయ్యే కొంప ముంచిందంటే ఎవరితో చెప్పుకోవాలి? చెప్పకపోతే మాత్రం ఎవరికి తెలుస్తుంది? ఇన్నేళ్ళ బతుకులో ఆమె కూడబెట్టింది ఆ మంచిపేరు ఒక్కటే. అది పోతుందంటే నిజంగానే భయం వేసింది.

అంతలో చెల్లెలు తాడు పట్టుకుని రానే వచ్చింది.

"ఏవక్కా నా మోపులు?"

"ఇవ్వను" అంది పెద్దక్క. ఆ మాట ఆమె నోట రావడం అదే మొదలు.

చెల్లెలు నవ్వింది. "ఏం, బేరం పెట్టావా?"

పెద్దక్క అంతా చెప్పింది, ఒక్క ముక్క దాచకుండా. "నీ చెయ్యి మంచిదేనే. నేనిచ్చిందే మంచిది కాదు."

చెల్లెలు తాడు ఒళ్ళో పెట్టుకుని కూర్చుండిపోయింది. నాలుగు తిట్టినా బాగుండుననిపించింది పెద్దక్కకి.

"నా చేలో కొన్నిటికి మచ్చలు రాలేదక్కా" అంది చివరికి. "ఏపుగా కూడా పెరిగాయి. నీ రకం కాదేమో, వేరేవి కలిశాయేమోనని వాటన్నిటినీ ఏరి పీకేశాను."

పెద్దక్క లేచి ఒక మోపు ఎత్తబోయింది. చెల్లెలు లేచి రెండో కొస పట్టుకుంది. ఇద్దరూ కలిసి దాన్ని ఎండుటాకులు పోగేసిన చోటికి మోసుకెళ్ళారు.