ముందే రాసిచ్చిన రసీదు

దుప్పట్ల వ్యాపారి సర్కారు ఆస్పత్రికి సరుకు ఇచ్చి రెండేళ్లు దాటింది. వడ్డీతో సహా డబ్బు కట్టమని కోర్టు చెప్పినా అధికారులు కదల్లేదు. దాంతో అతను కోర్టు ధిక్కారం కేసు వేశాడు. ఇవాళ దాని వాయిదా. అవతల అప్పు కట్టలేదని అతని కొట్టుకు తాళం వేయడానికి బ్యాంకువాళ్లు వచ్చి కూర్చున్నారు.

"సాయంత్రం దాకా ఆగుతారట," అంది భార్య ఫోన్లో.

"టీ ఇచ్చావా?"

"రెండుసార్లు. ఇంకోసారి అడిగితే దాన్ని బాకీలో తగ్గించుకోమంటాను."

కేసు పిలిచాక కోర్టు హాల్లో సర్కారు లాయరు ఒక కాగితం ఎత్తి చూపించాడు. "డబ్బంతా ఇచ్చేశామండి. స్టాంపు మీద వ్యాపారి సంతకం చూడండి."

వ్యాపారి మెడ చాచి చూశాడు. సంతకం తనదే. రసీదు జతచేయందే ఆస్పత్రి ఆఫీసులో బిల్లే తీసుకోరు. అందరిలాగే తనూ "డబ్బు ముట్టింది" అని ముందే రాసిచ్చాడు.

"ఇది మీ సంతకమేనా?" అన్నాడు జడ్జి.

"నాదేనండి. డబ్బే ఇంకా నాది కాలేదు."

వెనక ఎవరో నవ్వారు. జడ్జి నవ్వలేదు. ఆస్పత్రి అధికారి వైపు తిరిగాడు. "ఏ రోజు పంపారు? ఏ ఖాతాకి?"

అధికారి ఆ కుర్చీలోకి కొత్తగా వచ్చినవాడు. ఫైలు ముందుకీ వెనక్కీ తిప్పాడు. చెమటకు కాగితాలు వేళ్లకు అంటుకుంటున్నాయి.

"రసీదు ఉంది కదా, ఇచ్చేసి ఉంటారనుకుని ప్రమాణపత్రం ఇచ్చానండి."

"మిమ్మల్ని జైలుకు ఎందుకు పంపకూడదు?"

వ్యాపారి తరఫు లాయరమ్మ ఉత్సాహంగా లేవబోయింది. అతను ఆమె గౌను అంచు పట్టుకుని ఆపాడు.

"వద్దమ్మా. ఈయన లోపలికి పోతే బిల్లు మీద సంతకం ఎవరు పెడతారు? ఇంకొకాయన వచ్చి ఫైలు మొదటి పేజీ నుంచి చదువుతాడు. నాకు ఈయన బయటే కావాలి, ఈ భయంతోనే కావాలి."

లాయరమ్మ ఆ మాటనే మర్యాదగా మార్చి చెప్పింది. డబ్బు పడేదాకా అధికారి ఇక్కడే కూర్చోవాలన్నాడు జడ్జి. వరండాలోకి వెళ్లి ఫోను చేసుకోనిచ్చారు.

"నిధుల్లేవని నాకు చెప్పకు! వచ్చి జడ్జిగారికి చెప్పు!" అని అధికారి ఫోన్లో అరుస్తున్నాడు.

పొద్దు వాలింది. భార్య మళ్లీ ఫోను చేసింది. "తాళం సంచీలోంచి తీశారు."

"ఎంతకు కొన్నారో అడుగు. ఏదో ఒకటి మాట్లాడుతూ ఉండు."

జడ్జి లేచే వేళకు వ్యాపారి ఫోను మోగింది. ఖాతాలో డబ్బు పడిందని మెసేజ్. అధికారి పరుగున వచ్చాడు. "ముట్టిందని చెప్పండి బాబూ, పుణ్యముంటుంది."

వ్యాపారి అంకె చూశాడు. బ్యాంకు బాకీకి సరిపోతుంది. కోర్టు కట్టమన్న రెండేళ్ల వడ్డీ మాత్రం అందులో లేదు. ముట్టిందని ఒక్క మాటంటే ఈ మనిషి మెట్లు దిగిపోతాడు, మళ్లీ దొరకడు.

ముందు ఇంటికి ఫోను చేశాడు. "తాళంవాళ్లను పంపెయ్. వాళ్ల డబ్బు రేపు పొద్దున కడతాను."

తర్వాత లోపలికి వెళ్లి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "అసలు ముట్టిందండి. వడ్డీ ముట్టలేదు."

జడ్జి లేవబోయినవాడు కూర్చున్నాడు. అధికారి మళ్లీ ఫోను తీశాడు.